రెక్కల గుర్రం ధర

లెస్కోవాత్స్,
14 సెప్టెంబర్ 2024

నెవెనా,

ఈ ఉత్తరం ఐవార్ పచ్చడి సీసాల మధ్య దొరికి ఉంటుంది. పెట్టెను బస్సు డ్రైవర్ మిలుతిన్ చేతికి ఇచ్చాను. ఎప్పటిలా సిగరెట్ల డబ్బు ఇస్తే చాలు, ఎక్కువ అడిగితే నా పేరు చెప్పు. ఈసారి మిరపకాయల్లో నీరు ఎక్కువ. పచ్చడి ఇగరడానికి పొద్దంతా పొయ్యి దగ్గర నిలబడాల్సి వచ్చింది. కారం సీసాలకు దారం కట్టాను.

ఫోన్లో కాక కాగితం మీద ఎందుకు రాస్తున్నానంటే, ఇంట్లో ఫోన్లనూ షాపులో టాబ్లెట్‌నూ మీ అన్నయ్య ఒకే ఖాతాకు కలిపాడు. నేను ఎవరికి ఏం రాసినా టైర్ల మధ్య టింగుమంటుంది. కిందటి నెల మా అక్కకు మీ అన్నయ్య గురించి రాసింది, పంక్చర్ వేయించుకోవడానికి వచ్చిన పోస్ట్‌మాన్ చదివాడు. ఊరంతా చదివినట్టే.

మీ అన్నయ్య మీ కంపెనీ ఆట ఆడతాడని నీకు తెలుసు. నువ్వు ఆ ఉద్యోగంలో చేరినప్పుడు ‘మా చెల్లెలు చేసిన ఆట’ అంటూ ఫోన్లో పెట్టుకున్నాడు. చక్రం విప్పుతూ వచ్చినవాళ్ళందరికీ ఆ కోటలూ సైన్యాలూ చూపించేవాడు. అప్పుడు నాకూ ముచ్చటగానే ఉండేది.

ఇప్పుడు అందులో జోరా అనే ఆమె ఉంది.

ఆగస్టులో ఆయన పుట్టినరోజున నేను కాఫీ కాచేలోపే ఆమె శుభాకాంక్షలు వచ్చాయి. నా కళ్ళతో చదివాను. ‘ప్రియమైన రాదిషా, మీలాంటి దండనాయకుడు ఉన్నందుకు మాకు గర్వంగా ఉంది.’ పెళ్ళయి ఇన్నేళ్ళలో ఆయన్ని చూసి గర్వపడుతున్నానని నేను ఎప్పుడూ అనలేదు, నిజమే. కాని టైర్లు మార్చే మనిషితో పొద్దున్నే అలాంటి మాట ఎవరంటారు? ఆయన భోజనం దగ్గర ఫోన్ చూసి నవ్వుతాడు. ఎందుకని అడిగితే “ఏం లేదు, దండు సంగతి” అంటాడు.

షాపుకు కొత్త చక్రాల బాలెన్సింగ్ మెషిన్ కోసం పక్కన పెట్టిన డబ్బు కరిగిపోయింది. సరుకు ధరలు పెరిగాయంటాడు. పెరిగితే షాపులో ఆ సరుకు కనబడాలి కదా.

నువ్వు లోపలి మనిషివి. ఆమె ఎవరో, ఏ ఊరో, పెళ్ళయిందో లేదో కనుక్కో. నవంబర్‌లో స్లావా దాకా చూస్తాను. ఇంటి దేవుడి పండుగ ముందు నలుగురిలో ఆయన పరువు తీయను. అది కాగానే వ్లాసోటిన్‌త్సేకు, మా అమ్మ దగ్గరికి వెళ్ళిపోతాను. ఇది బెదిరింపు కాదు. అమ్మ పైగదికి సున్నం కూడా వేయించింది.

మీ వదిన
బిసెర్కా

తా.క. ఖాళీ సీసాలు మూతలతో సహా వెనక్కి పంపు.


బెల్‌గ్రేడ్,
19 సెప్టెంబర్

బిసెర్కా వదినా,

పెట్టె అందింది. ఒక సీసా పగిలి నీ ఉత్తరం అంచు నూనెలో నానింది, అయినా ప్రతి మాటా చదవగలిగాను. పక్క గది అమ్మాయి వాసన పట్టి గిన్నెతో వచ్చింది. సుబోటిత్సా పిల్ల. వాళ్ళ ఊళ్ళో దీన్ని తీపిగా చేస్తారట. ఆమెకు కారం సీసాయే ఇచ్చాను.

అన్నయ్య ఆడతాడని తెలుసు. డబ్బు కడతాడని తెలియదు. నీ ఉత్తరంలో జోరా పేరు దగ్గర ఆగి మళ్ళీ మొదటి నుంచి చదివాను. నువ్వు అనుకున్న కారణం వల్ల కాదు.

మా ఆట ఉచితం. ఆడేవాళ్ళలో నూటికి తొంభై ఆరు, తొంభై ఏడు మంది ఒక్క దీనార్ కూడా కట్టరు. మా జీతాలూ, ఈ అద్దాల మేడ అద్దే, కింద కాఫీ యంత్రమూ ఆ మిగిలిన కొద్దిమంది ఇచ్చేవే. వాళ్ళలోనూ సగానికి పైగా ఇచ్చేది పిడికెడు మంది. మరి కట్టనివాళ్ళు దేనికంటావా? కట్టినవాడు ఎవరికంటే ముందున్నాడో కనబడాలి కదా. ఖాళీ మైదానంలో డబ్బు పెట్టి కొన్న రెక్కల గుర్రం ఎక్కి తిరిగితే ఎవరు చూస్తారు, ఎవరు ఏడుస్తారు? అందుకని లక్షలమందిని ఉచితంగా నిలబెడతాం.

ఆ పిడికెడు మందిని చూసుకోవడానికి మా మేడమీద ఒక బల్ల ఉంది. జోరా కూర్చునేది అక్కడ. ఆ బల్ల దాకా చేరాలంటే ఎంత కట్టాలో నాకు తెలుసు, నీకు రాయలేను. లోపలి సంగతులు బయటపెట్టనని సంతకం చేశాను. ఈ ఒక్కటి నమ్ము. జోరాకు అన్నయ్య మీద ఏమీ లేదు. జీతం తీసుకుని మాట్లాడుతుంది, అంతే.

మెషిన్ డబ్బు సంగతి నేను అన్నయ్యతో మాట్లాడనా?

నీ
నెవెనా


లెస్కోవాత్స్,
27 సెప్టెంబర్

నెవెనా,

మాట్లాడొద్దు. నేను నీకు రాశానని తెలిస్తే ఆయన పదిరోజులు మూతి ముడుచుకుని కూర్చుంటాడు. ఆ పదిరోజులూ జోరాకు పండగ.

జీతం తీసుకుని మగవాళ్ళతో తియ్యగా మాట్లాడే ఆడదన్నమాట. అలాంటివాళ్ళకు ఇక్కడ ఒక పేరుంది. స్కూలు వంటింట్లో పనిచేసే మనిషిని, పిల్లలు తిరుగుతుంటారు కాబట్టి ఆ మాట నోట రానివ్వను, కాగితం మీదా రాయను. నన్ను ఓదార్చడానికి నువ్వు చెప్పింది ఇదా?

ఇంకో సంగతి. ఆగస్టు చివర నేను మా అమ్మ దగ్గర ఐవార్ కోసం మిరపకాయలు కాలుస్తూ రెండురోజులు ఉన్నాను కదా. అప్పుడు వచ్చిన సందేశం ఇప్పుడు చూశాను. ‘రెండు రోజులుగా మీరు కనబడలేదు. ఒంట్లో బాగానే ఉందా? కంగారుగా ఉంది.’ ఆయన జవాబు చాలా పొడుగ్గా ఉంది. చదివేలోపే ఆయన స్నానం నుంచి వచ్చేశాడు. నాకు ఎప్పుడైనా రెండు ముక్కలకు మించి రాశాడా? “బ్రెడ్డు తే.” “ఆలస్యమవుతుంది.” ఇవీ నాకొచ్చే ప్రేమలేఖలు.

మొన్న భోజనం దగ్గర ఉన్నట్టుండి ఫోన్ నా ముందు పెట్టాడు. దండులో అందరికీ పేరుపేరునా ఏదో పెట్టె పంచాడట. దానిమీద ‘రాదిషా కానుక’ అని రాసి ఉంది. కింద నలభైమంది కృతజ్ఞతలు.

“చూడు, బోస్నియా నుంచి కూడా ఉన్నారు” అన్నాడు.

“సూప్ చల్లారిపోతోంది” అన్నాను.

“నీకేం తెలుసు” అని ఫోన్ లాక్కున్నాడు.

నాకు తెలిసింది ఒకటే నెవెనా. ఆ మనిషి వంగి చక్రాలు విప్పి తెచ్చిన డబ్బు బస్సెక్కి బెల్‌గ్రేడ్ వచ్చి నీ జీతంలో కలుస్తోంది. నువ్వు కిందటి వేసవిలో గ్రీసు వెళ్ళావు. నేను మిరపకాయలు కాల్చాను.

బిసెర్కా


బెల్‌గ్రేడ్,
4 అక్టోబర్

వదినగారికి,

మీ ఉత్తరం అందింది. గ్రీసుకు నేను అప్పు చేసి వెళ్ళాను. ఇంకా తీరుస్తున్నాను.

మీరు అడిగినది రాస్తున్నాను. చదివాక చింపేయండి. జోరా అనే ఆడమనిషి లేదు. ఆ పేరుతో ముగ్గురు వంతులవారీగా రాస్తారు. అన్నయ్యతో ఎక్కువగా మాట్లాడేది గ్వోజ్దెన్. చాచాక్ ఊరివాడు, పెద్ద గడ్డం, పొద్దున్నే నూనె కారే బురెక్ తిని ఆ చేతులతోనే టైప్ చేస్తాడు. ఆడపేరు ఎందుకు పెట్టారంటే, పెడితే ఎక్కువమంది జవాబిస్తున్నారని లెక్కలు తీశారు.

కానుకలపెట్టె సంగతి కూడా అంతే. ఒకడు కొని పంచితే మిగతావాళ్ళు కృతజ్ఞత చెబుతారు, ఆ పక్క నుంచి కుళ్ళుకుంటారు. వారం తిరక్కుండా రెండోవాడు అంతకంటే పెద్ద పెట్టె పంచుతాడు. మేం చేసేదల్లా పంచినవాడి పేరు అందరికీ కనబడేలా పెట్టడం.

అందరికీ ధర ఒకటే ఉండదు. కొత్తగా వచ్చినవాడికి అదే వస్తువు దాదాపు ఊరికే ఇస్తాం, చేతికి అలవాటు కావాలని. అలవాటైనవాడికి పెంచుతాం. ఎవరి చేత ఎంత దాకా కట్టించవచ్చో లెక్కగట్టి ఆ ధరలు పెట్టేది నేనే. నా ఉద్యోగం అది. ఇంట్లో ఎవరూ ఎప్పుడూ అడగలేదు కాబట్టి చెప్పలేదు.

ఒక మాట. ఆ రెండు రోజులు అన్నయ్యకు నిజంగానే బాగోలేదు. ఇంకా బాగోలేదు. ఆయన ఆ సంగతి గ్వోజ్దెన్‌కు చెప్పాడు. నాకు ఫోన్ చేసినప్పుడు మాత్రం వర్షం పడుతోందా అని అడుగుతాడు. గ్వోజ్దెన్ వివరాలు చెప్పడు, చెప్పకూడదు కూడా. మీరు అన్నయ్యను అడగండి.

నెవెనా


లెస్కోవాత్స్,
12 అక్టోబర్

నెవెనా,

‘మీరు’ అని రాశావు. నా పెళ్ళినాడు నీకు జడ వేసింది నేనే. సరే, గ్రీసు మాట వెనక్కి తీసుకుంటున్నాను.

గడ్డం మనిషిని మాత్రం నేను నమ్మను. అన్నయ్యను కాపాడటానికి చెల్లెలు అల్లే కథే ఇది. బురెక్ కూడా పెట్టావు, నమ్మకం కుదరాలని.

ఒకవేళ నిజమే అనుకో, మరీ ఘోరం కదా. ఒక ఆడది అయితే అందంగా ఉంటుంది, వయసులో చిన్నది, అందుకే అనుకుని ఏడ్చి ఊరుకుంటాను. ముగ్గురు వంతులు వేసుకుని, జీతానికి వింటున్నా, వాళ్ళకే చెప్పుకుంటున్నాడంటే నా గురించి ఏమనుకోవాలి?

ఒంట్లో బాగోలేదన్నావు. నేను కనిపెట్టి చూశాను. బాగానే తింటున్నాడు. ఏ జబ్బూ లేదు. అది మనసు జబ్బు, మందు మీ మేడమీద ఉంది. షాపులో మాత్రం బద్ధకం నేర్చాడు. డిక్కీలోంచి చక్రాలు కస్టమర్ల చేతే దింపిస్తున్నాడు. తను పక్కన నిలబడి ఫోన్ చూసుకుంటాడు. పోస్ట్‌మాన్ అడగనే అడిగాడు, “ఏం రాదిషా, జమీందారువయ్యావా?” అని.

ఇక నేను చేసిన పని విను. స్కూల్లో వంటామె రద్దోయ్కా పాత ఫోన్ తీసుకుని ఆటలో చేరాను. పేరు ‘అత్తగారు’ అని పెట్టుకున్నాను. ఆ పేరంటే మగవాళ్ళు కాస్త జాగ్రత్తగా ఉంటారు. మీ అన్నయ్య దండులో చేర్చుకోమని అడిగితే ఆయనే ఒప్పుకున్నాడు. నువ్వు రాసినట్టే జరిగింది. చేరిన మూడోనాడు రెక్కల గుర్రాన్ని ఒక బ్రెడ్డు ధరకు ఇస్తామన్నారు. కొన్నాను. అదే గుర్రానికి మీ అన్నయ్య నాలుగు చలికాలపు టైర్ల ధర కట్టాడని తర్వాత దండులో ఎవరో అన్నారు.

ఆ రోజు భోజనం దగ్గర:

“కొత్తగా ఎవరో ముసల్ది చేరింది. అత్తగారట.”

“ముసల్దని నీకెలా తెలుసు?”

“పేరు చూస్తే తెలియట్లా? నిన్నగాక మొన్న వచ్చింది, అప్పుడే గుర్రం ఎక్కింది. ఎవడి సొమ్మో.”

“నీకెందుకు కుళ్ళు?”

“నాకా? కుళ్ళా?” అని చెంచా పెట్టేశాడు.

చాలా రోజుల తర్వాత నాకు హాయిగా నిద్రపట్టింది.

వదిన


బెల్‌గ్రేడ్,
20 అక్టోబర్

వదినా,

దయచేసి ఆ ఫోన్ రద్దోయ్కాకు తిరిగి ఇచ్చెయ్.

ఆ గుర్రం ఎర. నీకు బ్రెడ్డు ధరకు ఇవ్వమని రూలు రాసింది నేను, నువ్వని తెలియక. అంత తక్కువకు కొన్నానని నువ్వు దండులో చెప్పుకున్నావట కూడా. అన్నయ్య జోరాకు ఫిర్యాదు పంపాడు. గ్వోజ్దెన్ మనసులో పెట్టుకోలేక అందులో ఒక ముక్క నాకు చెప్పాడు. ‘నా షాపులో ధర గోడమీద రాసి ఉంటుంది. మతగురువు వచ్చినా పోలీసు వచ్చినా ఒకటే ధర. మీరు మాత్రం ఎవడి ముఖం చూసి వాడికి ధర చెబుతారు.’

నేను ఆ మాటలు విని సీటులోంచి లేచి కాసేపు మెట్ల దగ్గర నిలబడ్డాను.

తర్వాత ఏం జరిగిందో తెలుసా? బాగా కట్టేవాడికి కోపం వస్తే, వాడు వెళ్ళిపోకుండా ఏదో ఒకటి చేతిలో పెట్టాలని మాకు రూలు. జోరా క్షమాపణ చెప్పి ఒక కవచం ఊరికే ఇచ్చింది. ఆ రోజు జోరా గ్వోజ్దెన్ కాదు, ఇంకొకడు. ఆ కవచానికి సరిపడే కత్తి మాత్రం కొనుక్కోవాలి. అత్తగారికంటే వెనకబడకూడదని అన్నయ్య కొన్నాడు.

నువ్వు బ్రెడ్డు డబ్బు పెట్టావు. ఆయన చేత మెషిన్ డబ్బులో మిగిలింది పెట్టించావు. ఒకే బల్ల దగ్గర ఎదురెదురుగా కూర్చుని మీరిద్దరూ పోటీ పడుతున్నారు, లాభం మాకు.

నువ్వు నన్ను నమ్మకపోయినా ఫరవాలేదు. అన్నయ్యను అడిగావా?

నెవెనా


లెస్కోవాత్స్,
2 నవంబర్

నెవెనా,

అడగలేదు. ఏమని అడగను? ‘జోరాకు చెప్పింది నాకూ చెప్పు’ అని బతిమాలుకోనా?

ఫోన్ తిరిగి ఇవ్వలేదు. ఇక కొనను, ఒట్టు. కాని ఆట వదలలేకపోతున్నాను. కారణం రాస్తే నవ్వుతావు. రోజూ భోజనం దగ్గర మీ అన్నయ్య అత్తగారి గురించే మాట్లాడుతున్నాడు. ఆమె ఏం చేసింది, ఎక్కడ దాడికి రాలేదు, ఎవరిని ఏమంది. “నోరు చూశావా దానిది? సాక్షాత్తూ మీ అమ్మే” అంటాడు. తిడుతూనే నవ్వుతాడు. ఆయన నా గురించి ఇంతసేపు మాట్లాడటం పెళ్ళయినప్పటి నుంచీ ఇదే మొదటిసారి. ఎదురుగా కూర్చున్న నా మీద చూపు కూడా పడదు. నేను ఇప్పుడు జోరా మీద, అత్తగారి మీద, ఇద్దరిమీదా ఏడుస్తున్నాను. రెండోది నేనేనని తెలిసే ఏడుస్తున్నాను.

అందరూ చలికాలపు టైర్లు వేయించుకునే సీజన్ మొదలైంది. మీదపడి పని ఉంది. మీ అన్నయ్య మాత్రం పొద్దున కొందరిని చూసి, మిగతావాళ్ళను పక్క వీధి షాపుకు పంపేస్తున్నాడు. నవంబర్‌లో! మీ నాన్న బతికుంటే ఆయన గుండె పగిలేది.

నా చివరి మాట. స్లావాకు మనం ఎవర్నీ పిలవం. వచ్చినవాళ్ళను పొమ్మనం, ఎందుకొచ్చావని అడగం. నేను జోరాను పిలవడం లేదు. అరంజెలోవ్‌దాన్ నాడు, మన స్లావా రోజున, తలుపు తీసి ఉంటుందని మాత్రం చెబుతున్నాను. ఆ గడ్డం నిజమైతే నడిచి రమ్మను. ఎవరూ రాకపోతే మర్నాడు పొద్దున బస్సుకు నేను వ్లాసోటిన్‌త్సే వెళుతున్నాను. మీ అన్నయ్యకు ఇంకా చెప్పలేదు.

బిసెర్కా


బెల్‌గ్రేడ్,
10 నవంబర్

వదినా,

నేను రాలేను. ఆటలో చలికాలపు యుద్ధం సరిగ్గా ఆ రోజే విడుదల చేస్తున్నారు. స్లావాకు సెలవు నా హక్కే, కాని ఆ ధరల పట్టిక నేను లేకుండా కదలదు. ఇంటి పండుగకు రాకపోవడం ఇదే మొదటిసారి.

గ్వోజ్దెన్‌ను అడిగాను. మొదట వద్దన్నాడు. “కట్టేవాళ్ళను ఒక్కరిని కూడా ఎదురుగా చూడలేదు. చూస్తే మర్నాడు టైప్ చెయ్యలేను” అన్నాడు. నీ ఉత్తరంలో పని పక్క షాపుకు పంపేస్తున్నాడన్న ముక్క చదివి వినిపించాను. తర్వాత, తన కారుకు ఇంకా వేసవి టైర్లే ఉన్నాయన్నాడు.

ఒక్కడే వస్తాడు. తను ఎవరో చెప్పడు. చెబితే ఉద్యోగం పోతుంది. నువ్వు గడ్డం చూసి తృప్తిపడు, అన్నం పెట్టు, పంపించు.

నెవెనా


లెస్కోవాత్స్,
24 నవంబర్

నెవెనా,

నేను వెళ్ళలేదు. ఆ మాట ముందు రాస్తున్నాను, నువ్వు కంగారుపడి కిందికి గబగబా చదవకుండా.

మధ్యాహ్నం ఇల్లు నిండింది. కొవ్వొత్తి వెలుగుతోంది, మతగురువుగారు వచ్చి పండుగ రొట్టె కోసి వెళ్ళారు, మీ మేనమామ అప్పటికే పాట అందుకున్నాడు. ఇంటి యజమాని ఆ రోజు కూర్చోకూడదు కదా. మీ అన్నయ్య పొద్దుటి నుంచీ నిలబడే ఉన్నాడు. గ్లాసులు నింపుతున్నాడు, పళ్ళేలు మోస్తున్నాడు. ముఖం తెల్లగా పాలిపోయి ఉంది. ఎక్కువ తాగాడేమో అనుకున్నాను.

అప్పుడు గుమ్మంలో గడ్డం కనబడింది. చేతిలో వైను సీసా, కాఫీ పొట్లం. మీ అన్నయ్య ఎప్పుడూ చూడని మనిషి. అయినా బుగ్గలమీద ముద్దుపెట్టుకుని, “రా సోదరా, కూర్చో” అని మేనమామ పక్కన చోటు చూపించాడు. మేనమామ నా చెవిలో, “ఎవరమ్మా, మీ వైపువాడా?” అన్నాడు. “అవును” అన్నాను.

గ్వోజ్దెన్ తల వంచుకుని సర్మా, నా క్యాబేజీ చుట్టలు, తింటున్నాడు. అంతలో మీ అన్నయ్య వరండాలోంచి బీరు క్రేటు ఎత్తబోయాడు. ఎత్తీ ఎత్తకముందే, ఈ మనిషి చటుక్కున లేచి వెళ్ళి ఆయన చేతిలోంచి క్రేటు లాగేసుకున్నాడు.

“దించు రాదిషా. నిష్‌లో డాక్టరు ఏం చెప్పాడు నీకు? చక్రాలే ఎత్తొద్దంటే క్రేటు ఎత్తుతావా?”

మేనమామ పాట ఆగిపోయింది. ఏ డాక్టరు? అక్కడున్నవాళ్ళలో ఎవరికీ తెలియదు. నాకు తెలియదు.

మీ అన్నయ్య అతణ్ణి కిందినుంచి పైకి చూశాడు. గడ్డం దగ్గర కాసేపు ఆగాడు.

“జోరా?” అన్నాడు.

గ్వోజ్దెన్ క్రేటు పట్టుకునే ఉన్నాడు. “మంగళవారాలు, శుక్రవారాలు. మిగతా రోజులు నేను కాదు” అన్నాడు.

కొడతాడేమో అనుకున్నాను. మీ అన్నయ్య రకియా రెండు గ్లాసుల్లో పోసి ఒకటి అతనికిచ్చాడు. తాగారు. తర్వాత ఇద్దరూ అతిథులను వదిలేసి షాపులోకి వెళ్ళిపోయారు. స్లావా పూట యజమాని ఇల్లు వదలడం ఎవరైనా విన్నారా? “కస్టమర్” అని అందరికీ చెప్పి, పళ్ళేలన్నీ నేనే మోశాను.

వంటింటి కిటికీలోంచి షాపు కనబడుతుంది. గ్వోజ్దెన్ చక్రాలు ఎత్తుతున్నాడు, బిగిస్తున్నాడు. మీ అన్నయ్య పాత టైర్ల మీద కూర్చుని మాట్లాడుతున్నాడు. చేతులు ఊపుతూ మాట్లాడుతున్నాడు. ఒకసారి మొహం తుడుచుకున్నాడు. నేను సాలడ్ గిన్నె పట్టుకుని అక్కడే నిలబడిపోయాను. జోరా మీద ఏడ్చిన ఏడుపు ఎంత, ఆ గడ్డం మీద ఏడ్చిన ఏడుపు ముందు?

సాయంత్రం గిన్నెలు కడుగుతూ అడిగాను. వెన్నెముకలో రెండుచోట్ల జారిందట. ఆగస్టులో, నేను అమ్మ దగ్గరున్న ఆ రెండు రోజులూ మంచం మీదినుంచి లేవలేకపోయాడట. ఆ తర్వాత టైర్ల సరుకుకని నాకు చెప్పి నిష్ వెళ్ళింది నిజానికి డాక్టరు దగ్గరికట. ఆపరేషన్ చెయ్యాలన్నారట.

“నాకెందుకు చెప్పలేదు?”

“నువ్వు అడగలేదు.”

“జబ్బని తెలిస్తే కదా అడగడానికి.”

“ఆమెకూ తెలియదు. అడిగింది. షాపు మూతపడితే ఏం చెయ్యాలో తెలియక, నీ ముందు వంగలేనివాణ్ణి అనిపించుకోలేక... అందులో అయితే కోట ఎత్తగలను, గుర్రం ఎక్కగలను.”

అప్పుడు నేను అత్తగారినని చెప్పాను. ఆయన గ్లాసు తుడుస్తూ ఆగిపోయాడు. “గుర్రం నిజంగా బ్రెడ్డు ధరకే ఇచ్చారా?” అన్నాడు. ఇచ్చారన్నాను. “దొంగలు” అన్నాడు. ఫోన్ తీసి ఆట చెరిపేశాడు. నువ్వేమీ అనుకోకు, నిన్ను కలిపి అనలేదు. కలిపినా పెద్దగా తప్పు లేదు.

ఒకటి మాత్రం గుచ్చుకుంటోంది. వెన్ను సంగతి ఆయన నాకు చెప్పినప్పుడు ఎక్కడా తడబడలేదు. మాటలు వరుసగా వచ్చాయి. ముందే ఒకరికి చెప్పేసిన మాటలు అలా వస్తాయి. తడబడుతూ చెప్పినప్పుడు విన్నది నేను కాదు.

గురువారం నిష్ వెళుతున్నాం, ఇద్దరం.

వదిన


బెల్‌గ్రేడ్,
26 నవంబర్

వదినా,

గ్వోజ్దెన్ తిరిగొచ్చి ఏమీ చెప్పలేదు. “టైర్లు బాగున్నాయి, మీ వదిన సర్మా ఇంకా బాగుంది” అన్నాడు. ఇవాళ మంగళవారం, అతని వంతు. పనికి రాలేదు.

నాకూ కిటికీ ఉంటే నేనూ నిలబడేదాన్నే. నాన్న పోయిన రోజు కూడా అన్నయ్య నాముందు మొహం తుడుచుకోలేదు. చాచాక్ నుంచి వచ్చినవాడి ముందు తుడుచుకున్నాడా?

ఆట చెరిపేసినవాళ్ళ పేర్లు వాటంతట అవే ఒక వరుసలో పడతాయి. వారం రోజులకు గుర్రమూ కోటా అన్నీ బ్రెడ్డు ధరకు ఇస్తామని ఫోన్‌కు కబురు పోతుంది. తొంభైమంది వెళ్ళిపోతే ముప్పైమంది దానికి వెనక్కి వస్తారు. అన్నయ్య పేరు ఆ వరుసలోంచి నా చేత్తో తీసేశాను. ఎవరు తీశారో యంత్రంలో కనబడుతుంది. అడిగితే నేనేనని చెబుతాను. మిగతావాళ్ళ పేర్లు అలాగే ఉన్నాయి. నేను పొద్దుట నుంచీ వాటినే చూస్తున్నాను.

నిష్‌లో ఏమన్నారో రాయి. అన్నయ్య ఏమన్నాడో అదీ రాయి. ఒక్క ముక్క వదలకు.

నెవెనా


లెస్కోవాత్స్,
30 నవంబర్

నెవెనా,

డాక్టరు చెప్పింది రాస్తున్నాను. జనవరిలో ఆపరేషన్. ఖర్చు బీమా భరిస్తుంది, మేం ఎదురుచూడాలి అంతే. ఆ తర్వాత కూడా లారీ చక్రాలు ఎత్తకూడదు, కార్లవి చూద్దామన్నాడు. పక్క వీధి షాపు అతను తన బావమరిదిని కొన్నాళ్ళు మాకు పంపుతానన్నాడు. వాటా అడిగాడు. మీ అన్నయ్య ఒప్పుకున్నాడు. గోడమీద ధరలు మాత్రం మార్చనన్నాడు.

గ్వోజ్దెన్ నిన్న ఫోన్ చేసి వెన్ను ఎలా ఉందని అడిగాడు. ఫోన్ నేనే ఎత్తాను. బాగానే ఉందని చెప్పి పెట్టేశాను. కాసేపయ్యాక అలా పెట్టేసినందుకు సిగ్గేసి, మళ్ళీ చేసి మీ అన్నయ్యకు ఇచ్చాను. పక్కనే కూర్చున్నాను కూడా, లేవలేదు.

ఇక, నువ్వు అడిగిన రెండోది. నిష్ నుంచి వచ్చేటప్పుడు బస్సులో కిటికీ సీటు ఆయనకిచ్చాను. డోల్యెవాత్స్ దాటాక ఆయన ఒక మాట చెప్పడం మొదలుపెట్టాడు. చాలా తడబడ్డాడు. రెండుసార్లు మధ్యలో ఆపి, “ఏం లేదులే” అన్నాడు. నేను ఆగాను. బస్సు మన ఊరి స్టాండులో ఆగేలోపు పూర్తిచేశాడు.

“ఇది గ్వోజ్దెన్‌కు తెలుసా?” అని అడిగాను.

“ఎవరికీ తెలియదు” అన్నాడు.

నీకూ రాయను.

బిసెర్కా